గాడిద వెడల్పు

నేను టైపిస్టుని.
బ్రాచ్ దీవిలో, రేవు పక్క కోర్టులో, రెండో గదిలో
జడ్జి గారు చెప్పిందే కొడతాను.
సాక్షి ఏడిస్తే, "సాక్షి ఏడ్చింది" అని ఆయనంటేనే
కాగితం మీద ఏడుపు ఉంటుంది.

యెర్కో తన ఇంటికి పోవాలంటే
ప్రోష్పెర్ పెరటి పక్కనుంచి పోవాలి.
దారంటే దారీ కాదు, రెండు రాతిగోడల నడుమ సందు.
ఒక వేసవిలో ప్రోష్పెర్ దానికడ్డంగా
నడుమెత్తు రాళ్ళు పేర్చాడు.
ఎందుకంటే ఒక్కొక్కరిదీ ఒక్కో కారణం:
మేక అన్నారు, ద్రాక్షపందిరి అన్నారు,
యెర్కో తండ్రి ఎవరి పెళ్ళిలోనో జారిన మాట అన్నారు.
ఆ మాటేమిటో దావాలో లేదు.

గెలిచినవాడు ఇంటికెళ్ళి ఏడుస్తాడంటారు కదా,
ఇక్కడ ఇంటికెళ్ళే దారి మీదే దావా.
చుట్టూ తిరిగితే
శ్మశానం మీదుగా ఇరవై నిమిషాలు.

మొదటి వాయిదాకి చక్రవర్తి కాలంనాటి పటం వచ్చింది.
వియన్నా గుమాస్తా ఎవరో గీసిన చుక్కల గీత.
దారే అన్నాడొక వకీలు,
ఈగ మరక అన్నాడింకొకాయన.
రెండు వాయిదాలు ఈగ మీదే గడిచాయి.

ఎంత వెడల్పు దారి?
తొంభై ఒకటేళ్ళ లూత్సె బోనులో కూర్చునే చెప్పింది:
"రెండు బుట్టలు కట్టిన గాడిద పట్టేంత."
ఏ గాడిద, అన్నాడు ప్రతివాది వకీలు.
"మా సివ్కా. దానికి ఎడమవైపు పొట్ట కాస్త ఎక్కువ."
నవ్వాం.
జడ్జి గారు చెప్పారు, నేను కొట్టాను:
"వెడల్పు సుమారు నూట ముప్పై సెంటీమీటర్లు."
సివ్కా అచ్చులోకి రాకుండానే పోయింది.

జడ్జి మారాడు. మళ్ళీ మొదటినుంచి ఈగ.
వకీలు రిటైరై, ఆయన కొడుకొచ్చాడు.

ఏడో ఏట స్థల తనిఖీ.
ఆగస్టు ఎండ, చెవుల్లో కీచురాళ్ళ రొద,
దారి మూసేశారు గనక కోర్టు కూడా
శ్మశానం మీదుగానే వెళ్ళింది, బూట్లలో రాళ్ళతో.
ప్రోష్పెర్ అందరికీ కుర్చీలు వేశాడు.
యెర్కోకి కుర్చీ లేదు.
గోడకవతల నిలబడ్డాడు, టోపీ చేతిలో.
సర్వేయరు టేపు తీశాడు.
దాని రెండో కొస పట్టుకునే కుర్రాడు ఆరోజు రాలేదు.
ఇటు ప్రోష్పెర్, అటు యెర్కో:
ఏడేళ్ళలో మొదటిసారి
ఇద్దరూ ఒకే వస్తువు పట్టుకున్నారు.
టేపు కాస్త వణికింది. గాలి లేదు.

అప్పుడు చూశాను.
గోడ మీద, నడిమి రాయి మీద,
గుండ్రటి నూనె మచ్చ. సీసా అడుగంత.
ఒకసారి పెడితే పడే మచ్చ కాదది.
పెట్టి, తీసి, మళ్ళీ పెట్టి,
ఏ చీకటివేళో, ఎన్ని చలికాలాలో.
యెర్కో భార్య దింకా తల వంచుకుంది.
ప్రోష్పెర్ చెల్లెలు పెరినా
ఎండు అత్తిపళ్ళ పళ్ళెం తెచ్చి
సరిగ్గా ఆ మచ్చ మీద పెట్టింది.
తీసుకోండి, అంది. అందరం తీసుకున్నాం.

జడ్జి గారు నుదురు తుడుచుకుంటూ చెప్పారు:
"అడ్డుగోడ ఎత్తు తొంభై నాలుగు. రాకపోకలు లేవు."
కొట్టాను.
లేవు అన్నచోట వేలు ఒక్క క్షణం ఆగింది.
జీతం తీసుకునే వేలు. ఎంతసేపాగుతుంది?

పదకొండో ఏట తీర్పు. వాది గెలిచాడు.
అప్పటికి వాది మోకాళ్ళు అరిగాయి,
ఇంటిముందు బెంచీ దాటడు.
లూత్సె తీర్పు వినలేదు.
ఆమె వెళ్ళిన వైపు దారికి
ఎవరూ ఎప్పుడూ అడ్డు కట్టలేదు.

గోడ ప్రోష్పెరే గునపంతో విప్పాడట.
అమీను వెళ్ళి కొలిచి, సంతకాలు పెట్టించుకొచ్చాడు:
నూట ముప్పై సెంటీమీటర్లు, ఖాళీ.
ఆ నడిమి రాయి ఎటు పడేశారని అడిగాను.
రాయా, అన్నాడు కాగితాలు తిరగేస్తూ.
రిపోర్టులో రాయి గురించి ఏం లేదమ్మా.